ఆ ఇల్లు ఎవరిది?



చలికాలం వస్తే మన చోడవరం, మాడుగుల వైపు నుంచి అరకు, లంబసింగి వెళ్ళేవారు ఎక్కువవుతారు. మంచు చూడాలని, ఒక రాత్రి అక్కడే గది తీసుకుని ఉండాలని సరదా. అలా వెళ్ళేవారికి ఓపీలో మేము చెప్పే మాట ఒకటుంది: తలుపులు, కిటికీలు మూసుకుని గదిలో బొగ్గుల కుంపటి పెట్టుకోకండి. ఆ మాట ఎందుకు చెబుతున్నామో వివరంగా రాద్దామని ఈ వ్యాసం మొదలుపెట్టాను. విషవాయువు గురించి రాయబోతే ఒక పాత కేసు గుర్తుకు వచ్చింది. అది మన తెలుగు అమ్మాయిల కేసు. దాన్ని పక్కనపెట్టి కుంపటి గురించి మాత్రమే రాయడానికి మనసొప్పలేదు. అందుచేత వ్యాసం కొంచెం పెద్దదయింది, ఓపికగా చదవగలరు.

1999 నవంబరు 24. అమెరికాలోని కాలిఫోర్నియా రాష్ట్రంలో బర్కిలీ అనే పట్టణం. పేరున్న విశ్వవిద్యాలయం ఉన్న ఊరు. ఆ రోజు కారులో వెళ్తున్న ఒక మహిళకు రోడ్డు పక్కన ఒక అపార్టుమెంటు ముందు ఏదో తేడాగా కనిపించింది. కొందరు మగవాళ్ళు చుట్టిన తివాచీ ఒకటి మోసుకుని వస్తున్నారు. ఉత్త తివాచీ అంత బరువుగా వేలాడదు. తేరిపార చూస్తే అందులోంచి ఒక కాలు బయటికి కనిపించింది. పక్కనే మరొక అమ్మాయి ఏడుస్తోంది. ఆమెను వ్యాను ఎక్కించాలని లాగుతున్నారు. ఈ మహిళకు ఆ మనుషులెవరో తెలియదు, వాళ్ళ భాషా తెలియదు. అయినా కారు ఆపి దిగింది, అడ్డుపడింది, పోలీసులకు కబురు వెళ్ళేలా చేసింది.

ఆ అపార్టుమెంటులో ఉన్నవాళ్ళు ఇద్దరు అక్కచెల్లెళ్ళు, వారితో పాటు ఇంకొక అమ్మాయి. అక్కకు పదిహేడేళ్ళు, చెల్లెలికి పదిహేనేళ్ళు. వాళ్ళు అమెరికా వచ్చి కొన్ని నెలలే అయింది. మూడో అమ్మాయి బయటికి వెళ్ళి తిరిగి వచ్చేసరికి అక్కచెల్లెళ్ళిద్దరూ స్పృహ లేకుండా పడి ఉన్నారు. కబురు ముందుగా వెళ్ళింది అంబులెన్సుకు కాదు, యజమానికి. చెల్లెలు బతికింది. అక్క బతకలేదు. గదిని వెచ్చగా ఉంచే గ్యాస్ హీటరు పొగగొట్టం మూసుకుపోయి, కార్బన్ మోనాక్సైడ్ గదిలో నిండిపోయిందని పరీక్షలో తేలింది. పోస్టుమార్టంలో మరొక సంగతి బయటపడింది. చనిపోయిన అమ్మాయి గర్భవతి.

పదిహేడేళ్ళ అమ్మాయి. ఊరు కాని ఊరు. చదువుకోవడానికి రాలేదు, బడికి వెళ్ళడం లేదు. ఆ ఊరి పోలీసులు మొదట దీన్ని ప్రమాదంగానే చూశారు. అక్కడి హైస్కూలు పిల్లలు నడుపుకునే పత్రిక ఒకటి ఉంది. ఈడు పిల్లలు బడికి ఎందుకు రావడం లేదని ఆ విద్యార్థినులు ఆరా తీసి మరుసటి నెలలోనే రాశారు. ఇది వెట్టిచాకిరీ అయి ఉండవచ్చని ముందుగా అచ్చులో అన్నది పెద్ద పత్రికలు కాదు, ఆ పిల్లలే.

ఆ అపార్టుమెంటు యజమాని లకిరెడ్డి బాలిరెడ్డి. కృష్ణా జిల్లా మైలవరం దగ్గరి వెల్వడం గ్రామస్థుడు. (ఇప్పుడది ఎన్టీఆర్ జిల్లా. మన చోడవరం విశాఖ జిల్లా నుంచి అనకాపల్లి జిల్లాలోకి వచ్చిన 2022లోనే అదీ మారింది.) 1960లో చదువు కోసం బర్కిలీ వెళ్ళి, ఇంజనీరింగు చదివి, 1975లో భారతీయ వంటకాల రెస్టారెంటు పెట్టి, తరువాత ఇళ్ళ మీద ఇళ్ళు కొని, చివరికి వెయ్యికి పైగా అద్దె ఇళ్ళకు యజమాని అయ్యాడు. ఆ పట్టణంలోని పెద్ద ఇంటి యజమానులలో ఒకడు. సొంత ఊరికి బడులు, మంచినీళ్ళు, మైలవరంలో తన పేరుతో ఇంజనీరింగు కళాశాల. ఊరివాళ్ళకు అతను దాత. అటువంటి మనిషి మా అమ్మాయిని అమెరికా తీసుకెళ్తానంటే పేద తల్లిదండ్రులు ఏమంటారు? మన ఊళ్ళో అయినా ఏమంటారు?

ఎలా తీసుకెళ్ళారో కోర్టులో బయటికి వచ్చింది. ఈ అక్కచెల్లెళ్ళను వేరొకరి సొంత కూతుళ్ళుగా కాగితాల మీద చూపించారు. ఆ వేరొకరికి కంప్యూటరు ఉద్యోగం పేరుతో వీసా తీశారు. అక్కడ దిగాక వాళ్ళు చేసింది కంప్యూటరు పనీ కాదు, చదువూ కాదు. రెస్టారెంటులో పని, అద్దె ఇళ్ళు కడిగే పని, ఆపైన యజమాని కోరినప్పుడు అతని కోరిక తీర్చడం. 1986 నుంచి ఇటువంటి మోసపు వీసాల మీద మనుషులను తెస్తూనే ఉన్నారని ప్రభుత్వ న్యాయవాదులు చెప్పారు. వీసా, పని, ఇల్లు. మూడు తాళాలూ ఒక్కరి దగ్గరే. పని వదిలితే ఇల్లు పోతుంది, ఇల్లు వదిలితే దేశంలో ఉండడమే నేరమవుతుంది. గొలుసులు కట్టవలసిన అవసరం ఎవరికీ లేదు.

కనబడని పొగ

ఇక్కడ ఒక్క నిమిషం ఆగి ఆ గదిలో ఏమి జరిగిందో ఆరోగ్యరీత్యా చెబుతాను. ఇది మన ఇళ్ళలోనూ జరగగలదు.

గ్యాసు, బొగ్గు, కట్టెలు, పెట్రోలు, కిరసనాయిలు – ఏది మండినా తగినంత గాలి అందకపోతే కార్బన్ మోనాక్సైడ్ అనే వాయువు పుడుతుంది. దీనికి రంగు లేదు, వాసన లేదు, దగ్గు రాదు, కళ్ళు మండవు. పొయ్యి పొగ అయితే కళ్ళు మంటపుట్టి మనిషి బయటికి పరుగెత్తుతాడు. ఇది అలా హెచ్చరించదు. మన రక్తంలో ఆక్సిజన్‌ను మోసే హిమోగ్లోబిన్ ఈ వాయువును ఆక్సిజన్ కంటే ఇన్నూరు రెట్లకు పైగా గట్టిగా పట్టుకుంటుంది. పట్టుకున్నాక తొందరగా వదలదు. రక్తం తిరుగుతూనే ఉంటుంది, ఊపిరి ఆడుతూనే ఉంటుంది, మెదడుకు మాత్రం ఆక్సిజన్ అందదు. మొదట తలనొప్పి, తరువాత కళ్ళు తిరగడం, వికారం, వాంతులు, ఒళ్ళు తేలిపోయినట్టు ఉండడం, మగత. తిన్నది పడలేదనో, పైత్యమనో, ఫ్లూ జ్వరమనో అనుకుని పడుకుంటారు. పడుకున్నవారు మరి లేవకపోవచ్చు.

గర్భవతులకు ఇంకా ప్రమాదం. కడుపులోని బిడ్డ రక్తం ఈ వాయువును తల్లి రక్తం కంటే ఎక్కువగా పట్టి ఉంచుకుంటుంది, వదిలించుకోవడానికి ఎక్కువ సమయం తీసుకుంటుంది. తల్లి తేరుకున్నా బిడ్డ తేరుకోకపోవచ్చు.

గుర్తుపట్టడానికి ఒక్క ఉపాయం చెబుతాను. తలనొప్పి ఇంట్లో ఒకరికి వస్తే అది తలనొప్పి. ఒకే గదిలో ఉన్న ఇద్దరు ముగ్గురికి ఒకేసారి వచ్చి, బయటికి రాగానే తగ్గుతుంటే, గాలిని అనుమానించండి. వెంటనే తలుపులు, కిటికీలు తెరవండి, మండేదాన్ని ఆపండి, పడిపోయినవారిని బయటి గాలిలోకి తీసుకురండి, 108కి ఫోన్ చేయండి. ఆస్పత్రిలో మేము చేసే వైద్యం మాస్కుతో పూర్తి ఆక్సిజన్ ఇవ్వడం. మామూలు గాలిలో ఈ వాయువు రక్తంలో సగానికి తగ్గడానికి నాలుగైదు గంటలు పడితే, పూర్తి ఆక్సిజన్ ఇచ్చినప్పుడు గంట, గంటన్నర పడుతుంది. ఇంకొక మాట. కరోనా రోజుల్లో చాలామంది వేలికి పెట్టుకునే ఆక్సీమీటరు కొనుక్కున్నారు. ఈ విషయంలో దాన్ని నమ్మకండి. కార్బన్ మోనాక్సైడ్ పట్టిన రక్తాన్ని కూడా అది మంచి రక్తంగానే లెక్కపెట్టి తొంభై ఎనిమిది అని చూపిస్తుంది.

మన వైపు ఇది ఎక్కడ పుడుతుంది? మూసిన గదిలో కుంపటి. గుడారంలోకి తెచ్చుకున్న నిప్పులు. వరండాలో కాక గదిలో పెట్టిన జనరేటరు. ఏసీ వేసుకుని ఇంజను ఆపకుండా నిద్రపోయే కారు. అన్నిటికంటే ఎక్కువగా, బాత్‌రూములోనే బిగించిన గ్యాస్ గీజరు. వెంటిలేటరుకు చలి అని అట్టముక్క అడ్డుపెడతారు. స్నానానికి వెళ్ళినవారు బయటికి రారు. గీజరు బాత్‌రూము బయట ఉండాలి, దాని పొగ పోయే గొట్టం ఇంటి బయటికి తెరిచి ఉండాలి. ఏడాదికి ఒకసారైనా మేస్త్రీ చేత చూపించాలి.

మరి ఎవరు చూపించాలి? అద్దెకున్నవారా, ఇంటి యజమానా? మళ్ళీ బర్కిలీకి వద్దాం.

ఎవరూ చంపలేదా?

ఆ అమ్మాయి మరణానికి హత్యానేరం ఎవరి మీదా పెట్టలేదు. పొగగొట్టం ఎవరూ కావాలని మూయలేదు, కనుక చట్టం భాషలో అది ప్రమాదమే. కానీ ఆ గది ఆ అమ్మాయి ఎంచుకున్నది కాదు. ఆ దేశం ఎంచుకున్నది కాదు. పని, జీతం, పక్క ఏదీ ఎంచుకున్నది కాదు. ఆమెను అక్కడ పెట్టినవాడే ఆ గోడలకు, ఆ హీటరుకు, ఆ గొట్టానికి యజమాని. దీన్ని ఉత్త ప్రమాదం అనడానికి నాకైతే నోరు రాదు.

2000 జనవరిలో బాలిరెడ్డిని అరెస్టు చేశారు. 2001 మార్చిలో అతను నేరం ఒప్పుకున్నాడు. మోసపు వీసాలతో మనుషులను దేశంలోకి తేవడానికి కుట్ర, లైంగిక ప్రయోజనం కోసం మైనరు బాలికలను తరలించడం, ఆదాయపు పన్ను తప్పుడు లెక్కలు. అదే ఏడాది జూన్‌లో 97 నెలల జైలు, బాధితులకు 20 లక్షల డాలర్ల పరిహారం. 2008లో విడుదలయ్యాడు. కుటుంబంలో మరికొందరికి అంతకంటే తక్కువ శిక్షలు పడ్డాయి.

శిక్షలు తక్కువ పడడానికి ఒక కారణం మన భాషకు సంబంధించినది. బాధితులకు తెలుగు తప్ప మరో భాష రాదు. వారి మాటను అధికారులకు ఇంగ్లీషులో చెప్పిన దుబాసీ, ఉన్నదానికంటే ఎక్కువ చేసి చెప్పమని అమ్మాయిలను ప్రోత్సహించిందని ఆరోపణ వచ్చింది. దానితో కుటుంబ సభ్యుల మీది కేసు బలహీనపడింది. జాలితో చేసినా ఇటువంటి సాయం బాధితులకే చేటు చేస్తుంది. ఆస్పత్రిలో కేసు షీటు రాసే మాలాంటివారికి ఇది పెద్ద పాఠం. రోగి చెప్పింది చెప్పినట్టు, ఆమె మాటల్లోనే రాయాలి. ఒక్క ముక్క తగ్గించకూడదు, పెంచకూడదు.

మరణం మాట సివిలు కోర్టులో వచ్చింది. చనిపోయిన అమ్మాయి తల్లిదండ్రులు, బాధితులు నష్టపరిహారం కోసం వేరే దావా వేశారు. 2004లో ఆ కుటుంబం 89 లక్షల డాలర్లు ఇవ్వడానికి ఒప్పుకుని రాజీ చేసుకుంది. క్రిమినలు కోర్టు ‘ఎవరు చంపారు’ అని అడుగుతుంది. సివిలు కోర్టు ‘ఎవరి బాధ్యతలో ఉండగా చనిపోయింది’ అని అడుగుతుంది. రెండో ప్రశ్నకు తప్పించుకోవడం కష్టం.

అమెరికాలో మనుషుల అక్రమ రవాణా మీద ప్రత్యేక చట్టం వచ్చింది 2000 అక్టోబరులో. ఆ అమ్మాయి చనిపోయి అప్పటికి పదకొండు నెలలు. 2003లో ఆ చట్టాన్ని సవరించి బాధితులు స్వయంగా దావా వేసే హక్కు ఇచ్చారు. 2008లో మరొక మెట్టు ఎక్కారు. రవాణా చేసినవాడి మీదే కాదు, దానివల్ల లాభపడిన వారెవరి మీదనైనా దావా వేయవచ్చు. ఆ లాభపడినవారికి సంగతి తెలిసి ఉన్నా సరే, తెలుసుకోవలసి ఉండి కళ్ళు మూసుకున్నా సరే. ఈ చివరి ముక్క హోటళ్ళ యజమానులకు గుండెల్లో రాయి అయింది. గది అద్దె తీసుకోవడం లాభపడడమే కదా. 2025 జూలైలో జార్జియా రాష్ట్రంలోని అట్లాంటా ఫెడరల్ కోర్టులో, పదహారేళ్ళ వయసులో తనను ఒక హోటలు గదుల్లో అమ్మారని దావా వేసిన యువతికి, ఆ హోటలు నడిపే కంపెనీ 4 కోట్ల డాలర్లు చెల్లించాలని జ్యూరీ తీర్పు ఇచ్చింది. ఆమెను హోటలు వాళ్ళు తీసుకురాలేదు, ముట్టుకోలేదు. రోజుల తరబడి కళ్ళెదుట జరుగుతుంటే గదులు అద్దెకిస్తూ కూర్చున్నారు.

మన దేశంలో

మన దేశానికి వస్తే, హోటలు పేరు హత్య కేసులోనే వినబడింది. 2022 సెప్టెంబరు 18న ఉత్తరాఖండ్‌లో, ఋషీకేశ్ దగ్గరి ఒక రిసార్టులో రిసెప్షనిస్టుగా చేరి నెల కూడా కాని పందొమ్మిదేళ్ళ అమ్మాయిని చీలా కాలువలోకి తోసి చంపారు. రిసార్టుకు వచ్చే పెద్దమనుషులకు ‘ప్రత్యేక సేవలు’ చేయాలని ఒత్తిడి చేస్తే ఆమె ఒప్పుకోలేదు. ఆ సంగతి స్నేహితునికి ఫోనులో రాసి పెట్టింది. ఆ రాతలే తరువాత సాక్ష్యమయ్యాయి. ఆరు రోజులకు శవం దొరికింది. 2025 మే 30న కోట్‌ద్వార్ సెషన్స్ కోర్టు రిసార్టు యజమానికి, అతని దగ్గర పనిచేసే ఇద్దరికి యావజ్జీవ శిక్ష వేసింది. ఇంట్లో ఆడపిల్ల మొదటి ఉద్యోగానికి వెళ్ళింది, అంతే. వెల్వడం పిల్లలకు, ఈ పిల్లకు మధ్య ఇరవై మూడేళ్ళు, సముద్రాలు ఉన్నాయి. తాళాలు మాత్రం అవే. ఉద్యోగం ఇచ్చినవాడు, పడుకోవడానికి గది ఇచ్చినవాడు, అతిథిని పంపినవాడు ఒక్కడే.

మన చట్టంలో లాడ్జీ యజమాని బాధ్యత లేకపోలేదు. 1956 నాటి అనైతిక వ్యాపార నిరోధక చట్టం ప్రకారం వ్యభిచార గృహం నడిపినవారికి జైలు ఉంది, తన ఇల్లు అందుకు వాడుతున్నారని తెలిసి ఊరుకున్న యజమానికీ జైలు ఉంది. అదే చట్టం ఏడో సెక్షను చూడండి. గుడి, బడి, హాస్టలు, ఆస్పత్రి వంటి చోట్లకు 200 మీటర్ల లోపల ఇది జరగకూడదు. జరిగింది హోటలులో అయితే దాని లైసెన్సును మూడు నెలలకు తక్కువ కాకుండా, ఏడాది వరకు నిలిపివేయవచ్చు. బాధితురాలు మైనరు అయితే లైసెన్సు రద్దు చేయవచ్చు. వినడానికి గట్టిగానే ఉంది. కానీ అదే సెక్షనులో తెలిసి చోటిచ్చినవారికి మొదటి తప్పుకు శిక్ష మూడు నెలల వరకు జైలు, లేదా ఇన్నూరు రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ. అవును, ఇన్నూరు. 1956లో అది డబ్బే. నేడు లాడ్జీలో ఒక్క పూట గదికి అంతకంటే ఎక్కువ. అందుచేత చట్టంలో పని జరిపించగలిగింది లైసెన్సు మాట ఒక్కటే అని నా అభిప్రాయం. జరిమానాకు భయపడని యజమాని బోర్డు దించుకోవడానికి భయపడతాడు.

ఇక ‘తెలిసి’ అన్న మాట ఉంది. మాకేం తెలుసండీ, ఆధార్ జిరాక్సు ఇచ్చారు, గది ఇచ్చాం అంటారు. మనుషుల అక్రమ రవాణాను 2013లో శిక్షాస్మృతిలో 370వ సెక్షనుగా గట్టిపరిచారు, 2024 జూలై నుంచి భారతీయ న్యాయ సంహితలో అది 143. ఆశ్రయం ఇవ్వడం కూడా అందులో భాగమే. బాధితురాలు ఒప్పుకునే వచ్చిందన్న వాదన అక్కడ చెల్లదు. పిల్లల విషయంలో 2012 నాటి పోక్సో చట్టం ఇంకా సూటిగా ఉంది. నేరం జరిగిందని తెలిసినా, జరగబోతుందని అనుమానం ఉన్నా, ఎవరైనా సరే పోలీసులకు చెప్పాలి. చెప్పకపోతే ఆరు నెలల వరకు జైలు. సంస్థ నడిపే పెద్ద తన కింది ఉద్యోగి చేసినదాన్ని చెప్పకపోతే ఏడాది వరకు. దాని తరువాతి సెక్షను పిల్లలను లైంగికంగా వాడుకున్న ఫోటోలు, వీడియోలు వంటివి కంటబడితే ఎవరెవరు తెలియజేయాలో పేర్లు పెట్టి చెబుతుంది. ఆ వరుసలో హోటలు, లాడ్జీ, ఆస్పత్రి పక్కపక్కనే ఉన్నాయి. మొదటిసారి చదివినప్పుడు నాకు కొంచెం చిన్నతనమనిపించింది, మమ్మల్ని లాడ్జీ పక్కన కూర్చోబెట్టారేమిటని. తరువాత ఆలోచిస్తే సబబే అనిపించింది. ఊరుకాని ఊరి అమ్మాయి తప్పకుండా కనిపించే చోట్లు రెండే. రాత్రి పడుకునే చోటు, జబ్బు చేస్తే వచ్చే చోటు.

ఆస్పత్రిలో మాకు కనిపించేది ఇలా ఉంటుంది. అమ్మాయి వెంట ఒక పెద్దమనిషి లేదా ఒక పెద్దావిడ వస్తారు. పేరు అడిగితే వాళ్ళు చెబుతారు. వయసు అడిగితే వాళ్ళే చెబుతారు, పందొమ్మిది అని తడుముకోకుండా. ఎక్కడ ఉంటున్నావమ్మా అంటే అమ్మాయి వాళ్ళ ముఖం చూస్తుంది. నెల తప్పిందని, లేదా మూత్రం మంటగా ఉందని, లేదా ఒంటి మీద దెబ్బకు మెట్ల మీంచి పడ్డానని. ఆధార్ కార్డు, ఫోను వెంట వచ్చినవారి చేతిలో ఉంటాయి. ఇందులో ఏ ఒక్కటీ రుజువు కాదు. భయస్తురాలైన కోడలికి, అత్తగారికి కూడా ఇలాగే ఉండవచ్చు. అందుకని మేము చేసేది ఒక్కటే. పరీక్ష అని చెప్పి అమ్మాయిని లోపలికి ఒంటరిగా తీసుకువెళ్తాం. తోడుగా సిస్టరు ఉంటుంది. తలుపు వేశాక అడుగుతాం: అమ్మా, ఇంటికి వెళ్ళాలనిపిస్తే వెళ్ళగలవా? ఈ ప్రశ్నకు జవాబు చెప్పడానికి కొందరు చాలాసేపు తీసుకుంటారు. తొందరపెట్టకూడదు.

ఇటువంటివారిని ఏ ఆస్పత్రీ వెనక్కి పంపకూడదు. అత్యాచార బాధితులకు ప్రభుత్వ, ప్రైవేటు అనే తేడా లేకుండా ప్రతి ఆస్పత్రీ ఉచితంగా, వెంటనే వైద్యం చేయాలని, పోలీసులకు తెలియజేయాలని 2013 నుంచి చట్టం ఉంది. చేయకపోతే ఆస్పత్రి నడిపేవారికి ఏడాది వరకు జైలు. డబ్బు కట్టండి, పోలీసు కాగితం తెండి అని గుమ్మంలో నిలబెట్టే హక్కు మాకు లేదు. పాఠకులు ఇది తెలుసుకుని ఉంటే మంచిది, ఎక్కడైనా అలా అంటే గట్టిగా అడగవచ్చు.

తల్లిదండ్రులకు ఒక మాట. మన వైపు నుంచి పని కోసం విశాఖ, హైదరాబాదు, చెన్నై, గల్ఫు దేశాలు వెళ్ళేవారు కొత్త కాదు, వెళ్ళవద్దని చెప్పడానికి మేమెవరం? గానుగల సీజను అయిపోతే ఇంట్లో ఏముంటుందో మాకు తెలుసు. కానీ పంపేముందు తాళాలు లెక్కపెట్టండి. పని ఇచ్చేవాడు, ఉండడానికి చోటు ఇచ్చేవాడు, కాగితాలు పెట్టుకునేవాడు ఒక్కడే అయితే ఆగండి. పాస్‌పోర్టు, ఆధార్ అమ్మాయి దగ్గరే ఉండాలి, ఒక జిరాక్సు ఇంట్లో ఉండాలి. పని చేసే చోటు చిరునామా, ఉండే చోటు చిరునామా వేరువేరుగా రాయించుకోండి. విదేశమైతే ఏజెంటుకు ప్రభుత్వ రిజిస్ట్రేషను ఉందో లేదో ఈ-మైగ్రేట్‌లో చూడవచ్చు. ఇంటి పని కోసం గల్ఫు వెళ్ళే ఆడవారికి ముప్పై ఏళ్ళు నిండి ఉండాలన్న నిబంధన ఊరికే పెట్టలేదు. వయసు పెంచి రాయిస్తానన్న ఏజెంటు ఇంకా ఏమేం రాయిస్తాడో ఆలోచించండి. వేరొకరి కూతురిగానో, భార్యగానో చూపించి తీసుకువెళ్తానంటే అక్కడితో ఆ మాట ఆపేయండి. వెల్వడం పిల్లలు వెళ్ళింది అలాగే.

అనుమానం వస్తే పిల్లలకు 1098, ఆడవారికి 181, పోలీసులకు 112. ఫోను చేసినవారు రుజువులు చూపించనక్కరలేదు. బర్కిలీలో కారు ఆపిన మహిళ దగ్గర ఏ రుజువూ లేదు. తివాచీ బరువుగా వేలాడుతోందని, ఒక అమ్మాయి ఏడుస్తోందని చూసింది, అంతే. పోలీసులు రాకముందే ఆ వ్యాను కదిలి ఉంటే ఏమయ్యేదో మనం ఊహించుకోవలసిందే.

మన పాఠకులలో లాడ్జీ నడిపేవారు, గదులు అద్దెకిచ్చేవారు ఎవరైనా ఉంటే ఈ సాయంత్రం రెండు పనులు చేయండి. మేడ ఎక్కి గీజర్ల పొగగొట్టాలలో ఏ పిచ్చుకగూడో, సిమెంటు ముక్కో అడ్డుపడిందేమో చూడండి. దిగివచ్చి రిజిస్టరు తెరిచి, గదిలో ఉన్న అమ్మాయి పేరు ఎవరి చేతిరాతలో ఉందో చూడండి.